సంతకం పెట్టే ముందు చదవండి

జిల్లా పేజీల్లో తరచూ కనబడే వార్త ఇది. ఫలానా మండలంలోని ఫలానా గ్రామానికి చెందిన అధ్యాపకుడికి విశ్వవిద్యాలయం డాక్టరేట్ ప్రకటించింది. ఆచార్య ఫలానావారి పర్యవేక్షణలో ఆయన పరిశోధన గ్రంథం సమర్పించారు. కుటుంబ సభ్యులు, మిత్రులు, సహోద్యోగులు అభినందించారు. పక్కనే పాస్‌పోర్టు సైజు ఫొటో. ఊళ్లో తొలి డాక్టరేట్ అయితే ఆ ఇంటికి అది పెళ్లంత పండగ. ఆ సంతోషాన్ని ఎవరూ తప్పుపట్టలేరు. ఏళ్ల తరబడి అప్పులు చేసి, పార్ట్ టైం క్లాసులు చెప్పి, హాస్టల్ మెస్ బిల్లుకు తడుముకుంటూ వచ్చిన డిగ్రీ అది.

అయితే ఆ వార్త చదివినప్పుడల్లా నాకొక ప్రశ్న వస్తుంది. ఈ గ్రంథాన్ని మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదివినవాళ్లు ఎందరు? గైడ్ చదివారా? చదివితే ఎప్పుడు చదివారు, అధ్యాయం అధ్యాయంగా రాస్తున్నప్పుడా, బైండింగుకు వెళ్లే ముందురోజా? బయటి పరీక్షకులు చదివారా, లేక ఉపసంహారం చూసి నివేదిక రాశారా? విశ్వవిద్యాలయాల్లో పనిచేసేవారికి ఈ ప్రశ్నలు కొత్తవి కావు. టీ తాగుతూ అందరూ మాట్లాడుకునేవే. మన పీహెచ్‌డీల నాణ్యత పడిపోయిందని సదస్సుల్లో ఎన్నో కారణాలు చెబుతుంటారు. నా దృష్టిలో అసలు రోగం ఒక్కటే. పర్యవేక్షణలోనూ, మూల్యాంకనంలోనూ చదవకుండా సంతకం పెట్టడం మనకు అలవాటైపోయింది.

నిబంధనలు లేక ఇలా జరుగుతోందని ఎవరూ అనలేరు. యూజీసీ 2022 నవంబరులో తెచ్చిన పీహెచ్‌డీ నిబంధనలు తీసి చూడండి. ప్రొఫెసర్ దగ్గర ఒకేసారి 8 మందికి, అసోసియేట్ ప్రొఫెసర్ దగ్గర 6 మందికి, అసిస్టెంట్ ప్రొఫెసర్ దగ్గర 4 మందికి మించి స్కాలర్లు ఉండకూడదు. పదవీ విరమణకు మూడేళ్లు కూడా లేనివారు కొత్తవారిని తీసుకోకూడదు. 12 క్రెడిట్లకు తగ్గకుండా కోర్సువర్క్ చేసి, అందులో 55 శాతం మార్కులు తెచ్చుకోవాలి. కనీస గడువు మూడేళ్లు, గరిష్ఠ గడువు ఆరేళ్లు. రీ-రిజిస్ట్రేషన్‌తో మరో రెండేళ్లు పొడిగించవచ్చు. మహిళలకు, 40 శాతానికి మించి వైకల్యం ఉన్నవారికి ఇంకా సడలింపు ఉంది. ప్రతి సెమిస్టరులో స్కాలర్ పరిశోధన సలహా సంఘం ముందుకు వచ్చి తన పని ఎంతవరకు వచ్చిందో చెప్పాలి. పని బాగాలేకపోతే ఆ సంఘం కారణాలు రాసి, దిద్దుకునే మార్గం సూచించాలి. కాగితం మీద ఇంతకన్నా ఏం కావాలి?

ఇప్పుడు ఆ సంఘం సమావేశం ఎలా జరుగుతుందో చూద్దాం. హెడ్ గారి గదిలో నలుగురు స్కాలర్లు వరుసగా వస్తారు. ఒక్కొక్కరు పది స్లైడ్లు చూపిస్తారు. ఆరు నెలల కిందట చూపించిన స్లైడ్లలో ఎనిమిది మళ్లీ ఉంటాయి. రాసిన అధ్యాయం ముందుగా ఎవరికీ పంపలేదు కాబట్టి అడగడానికి ఎవరి దగ్గరా ప్రశ్న ఉండదు. 'ఫీల్డ్ వర్క్ ఎంతవరకు వచ్చింది', 'త్వరగా పూర్తి చెయ్యమ్మా' అన్న మాటలతో సరిపోతుంది. 'ప్రగతి సంతృప్తికరం' అని ముందే టైపు చేసి ఉంచిన ఫారం మీద సంఘం సభ్యులందరూ సంతకాలు పెడతారు. గంటలో అందరిదీ అయిపోతుంది. ఆరేళ్లలో పన్నెండు సార్లు ఇలా సంతృప్తికరంగా గడిచిన స్కాలర్ చివరికి చేతిలో ఒక్క పూర్తి అధ్యాయం లేకుండా మిగిలితే, ఆ తప్పు స్కాలర్ ఒక్కరిదే ఎలా అవుతుంది?

చదివే పని మానేసిన చోట లెక్కలు వచ్చి కూర్చున్నాయి. 2016 నాటి నిబంధనలు థీసిస్ సమర్పించే ముందు ఒక పరిశోధన పత్రం అచ్చవ్వాలని, రెండు సదస్సుల్లో పత్రాలు చదవాలని పట్టుబట్టాయి. ఉద్దేశం మంచిదే. జరిగిందేమిటంటే, డబ్బు కడితే వారంలో అచ్చువేసే జర్నళ్లు పుట్టగొడుగుల్లా పుట్టుకొచ్చాయి. యూజీసీయే 2018 మేలో తన ఆమోదిత జాబితా నుంచి 4,305 జర్నళ్లను తీసేయాల్సి వచ్చింది. 2022లో ఆ తప్పనిసరి నిబంధననే ఎత్తేసింది. పత్రం అచ్చయిందా అని అడిగాం గానీ అందులో ఏముందో చూడలేదు. దాని ఫలితం అది.

గ్రంథచౌర్యం విషయంలోనూ అంతే. 2018 నిబంధనల ప్రకారం పోలిక 10 శాతం దాకా ఉంటే శిక్ష లేదు. 10 నుంచి 40 శాతం ఉంటే ఆరు నెలల్లోపు సవరించి ఇవ్వాలి. 40 నుంచి 60 శాతం ఉంటే ఏడాది పాటు సమర్పించడానికి వీల్లేదు. 60 దాటితే రిజిస్ట్రేషనే రద్దు. సాఫ్ట్‌వేర్ అవసరమే. కానీ అది పదాల పోలికను పడుతుంది తప్ప ఆలోచన ఎవరిదో చెప్పలేదు. అందుకే యూనివర్సిటీ గేటు ఎదుటి డీటీపీ సెంటర్లలో శాతం తగ్గించి ఇచ్చే పని ఒక వ్యాపారమైంది. మాటలు మార్చి, వాక్యాలు తిప్పి, 38 శాతాన్ని 9కి దించుతారు. నివేదికలో ఆ 9 చూసి గైడ్ సంతకం పెడతారు. ఆ అధ్యాయాన్ని ఆయన నెలనెలా చదివి ఉంటే, ఏ పేజీ ఆ స్కాలర్ గొంతు కాదో ఏ సాఫ్ట్‌వేరూ లేకుండానే పట్టుకునేవారు. ఇప్పుడు కృత్రిమ మేధ పరికరాలు నిమిషాల్లో అధ్యాయాలు రాసిస్తున్నాయి. ఇక ముందు పోలిక శాతాలకు అర్థమే ఉండదు. చిత్తుప్రతి మొదటి రోజు నుంచి ఎలా పెరిగిందో చూసిన మనిషి ఒక్కరే ఇది ఎవరి పనో చెప్పగలరు.

గైడ్‌కు దక్కే ప్రతిఫలాన్ని కూడా లెక్కతోనే ముడిపెట్టాం. అధ్యాపక నియామకాలకు, పదోన్నతులకు యూజీసీ 2018లో ఇచ్చిన మార్కుల పట్టికలో, స్కాలర్‌కు పీహెచ్‌డీ వస్తే గైడ్‌కు 10 మార్కులు, థీసిస్ సమర్పిస్తే 5 మార్కులు. ఒక బలహీనమైన అధ్యాయాన్ని నాలుగుసార్లు తిప్పి రాయించిన గైడ్‌కూ, ఒక్కసారీ తెరిచి చూడని గైడ్‌కూ అవే పది మార్కులు.

మరి మంచి పర్యవేక్షణ ఎలా ఉంటుంది? దాని మొదటి మెట్టు ప్రశ్న. మన తెలుగు శాఖల గ్రంథాలయాల్లో థీసిస్‌ల బీరువా తెరిస్తే 'ఫలానావారి నవలలు – సమగ్ర పరిశీలన' అన్న శీర్షికలు వరుసగా కనబడతాయి. లోపల రచయిత జీవితం, రచనల పరిచయం, కథావస్తువు, పాత్రచిత్రణ, శైలి, ఉపసంహారం. రచయిత మారతాడు, అధ్యాయాలు మారవు. అలాంటి శీర్షికతో వచ్చిన విద్యార్థిని గైడ్ ఏమడగాలి? 'ఏమ్మా, ఈ రచనల్లో నీకు అర్థం కానిదేమిటి?' అని అడగాలి. ఆ అమ్మాయిది అనంతపురం జిల్లా అయితే, రాయలసీమ కథలు చదివిందైతే, నాలుగైదు సార్లు మాట్లాడాక ఒక ప్రశ్న బయటపడవచ్చు. బోరుబావులు వచ్చాక సీమ కథల్లో రైతు కుటుంబపు అప్పు ఎలా మారింది? అప్పు ఎవరి దగ్గర తెస్తున్నారు? ఇంట్లో ఆ నిర్ణయం ఎవరిది? బోరు ఎండిపోతే కథ ఎక్కడ ఆగుతోంది? ఇలా అడిగేసరికి ఆ అమ్మాయి కథలను అచ్చయిన ఏళ్ల వారీగా పేర్చుకోవాలి, పత్రికల పాత సంచికలు వెతకాలి, ఊళ్లో నలుగురు రైతులతో కూర్చోవాలి. తనకు ముందే తెలిసిన జవాబుతో థీసిస్ రాయడం కుదరదు. పరిశోధన మొదలయ్యేది అక్కడే. బిరుదురాజు రామరాజు జానపద గేయ సాహిత్యంపై చేసిన పరిశోధనకు 1956లో ఉస్మానియా విశ్వవిద్యాలయం డాక్టరేట్ ఇచ్చింది. అక్కడ తెలుగులో వచ్చిన తొలి పీహెచ్‌డీ అదే. పండితులు పట్టించుకోని పల్లె పాటలను పరిశోధనకు తగిన విషయంగా నిలబెట్టడం వల్లే తెలుగులో జానపద విజ్ఞానం ఒక శాస్త్రంగా పెరిగింది.

రెండో మెట్టు పేజీలు. స్కాలర్ నెలకోసారి ఇరవై పేజీలు ఇవ్వాలి, గైడ్ వాటిని చదివి పదిహేను రోజుల్లో రాతపూర్వకంగా వ్యాఖ్యలు ఇవ్వాలి. మాటల్లో చెప్పిన సలహా వరండా దాటేసరికి సగం మరుపున పడుతుంది, రాసిన వ్యాఖ్య ఫైల్లో ఉంటుంది. ఆ వ్యాఖ్య ఎలా ఉండాలో కూడా చెప్పుకోవాలి. 'ఇంకా లోతుగా రాయాలి' అన్న మాట ఎవరికీ పనికిరాదు. పూర్వ పరిశోధనల అధ్యాయంలో స్కాలర్ ఇలా రాశారనుకోండి: మొదటి పరిశోధకుడు సూక్ష్మ రుణాలతో మహిళల ఆదాయం పెరిగిందన్నారు, రెండో పరిశోధకురాలు మహిళలపై రుణభారం పెరిగిందన్నారు. స్కాలర్ ఇద్దరినీ పేర్కొని మూడో పేరాకు వెళ్లిపోయారు. గైడ్ అక్కడ పెన్ను ఆపి రాయాలి: 'వీరిద్దరూ ఒకే జిల్లాను చూశారా? ఒకే కాలంలో చూశారా? ఇద్దరి మాటా ఎలా నిజమవుతుంది? నీ వివరాలు ఎవరివైపు మొగ్గుతున్నాయి?' మరో పేజీలో నాలుగో పట్టికలో 120 మందిని అడిగామని ఉంది, ఐదో పట్టికలో మొత్తం 112 అయింది. 'మిగతా ఎనిమిది మంది ఏమయ్యారు?' అని మార్జిన్‌లో రాయాలి. ఈ ఒక్క ప్రశ్నతో ఆ స్కాలర్ నిజాయితీగా లెక్క చెప్పడం నేర్చుకుంటారు. పరిశోధనా నైతికతపై రెండు క్రెడిట్ల కోర్సు పెట్టాం, మంచిదే. కానీ నైతికత వంటబట్టేది ఇలాంటి మార్జిన్ వ్యాఖ్యలతోనే.

ఇంత చదివే తీరిక ఎక్కడిదని గైడ్లు అడుగుతారు. లెక్క వేద్దాం. ఎనిమిది మంది స్కాలర్లు, ఒక్కొక్కరికి నెలకు ఇరవై పేజీలు, మొత్తం 160 పేజీలు. పేజీకి ఆరు నిమిషాలు పెడితే 16 గంటలు. అంటే వారానికి నాలుగు గంటలు. గరిష్ఠ సంఖ్యలో స్కాలర్లు ఉన్న ప్రొఫెసర్ మాట ఇది, నలుగురే ఉంటే వారానికి రెండు గంటలు చాలు. అయితే ఈ గంటలను టైంటేబుల్‌లో పనిగా చూపించే బాధ్యత విశ్వవిద్యాలయానిది. అధ్యాపకుల కొరత కూడా నిజమే. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ విశ్వవిద్యాలయాల్లో రెగ్యులర్ పోస్టులు ఏళ్ల తరబడి ఖాళీగా ఉన్నాయి. రెగ్యులర్ అధ్యాపకులకే గైడ్‌షిప్ ఇవ్వాలని నిబంధన. పాఠాలు చెప్పే భారం మోస్తున్న కాంట్రాక్టు అధ్యాపకులకు ఆ అవకాశం లేదు. దాంతో గైడ్ దొరకడమే గగనమైన స్కాలర్, ఎవరు దొరికితే వారి అంశం తీసుకుని సర్దుకుపోతున్నారు. పోస్టులు నింపకుండా పీహెచ్‌డీల నాణ్యత గురించి మాట్లాడే హక్కు ప్రభుత్వాలకు లేదు.

పర్యవేక్షణలో అధికారం కూడా ఉంది, దాని గురించి మనం బహిరంగంగా మాట్లాడం. జేఆర్‌ఎఫ్ (జూనియర్ రీసెర్చ్ ఫెలోషిప్) ఉన్న స్కాలర్‌కు 2023 జనవరి నుంచి నెలకు 37,000 రూపాయలు, ఎస్‌ఆర్‌ఎఫ్ (సీనియర్ రీసెర్చ్ ఫెలోషిప్) అయితే 42,000. కేంద్రీయ విశ్వవిద్యాలయాల్లో నెట్ లేని స్కాలర్‌కు వచ్చేది 8,000. రాష్ట్ర విశ్వవిద్యాలయాల్లో చాలామందికి ఏదీ లేదు. వచ్చేవారికైనా ఫెలోషిప్ కాగితం మీద గైడ్ సంతకం కావాలి. ఆ సంతకం కోసం గైడ్ గారి క్లాసులు తీసుకోవడం, జవాబు పత్రాలు దిద్దడం, ఇంటి పనులు, బ్యాంకు పనులు చేసిపెట్టడం స్కాలర్లకు కొత్త కాదు. చేస్తే 'మంచి కుర్రాడు', చేయకపోతే కాళ్లరిగేలా తిరగాలి. మహిళా స్కాలర్ల పరిస్థితి ఇంకా కష్టం. ఫిర్యాదు చేస్తే పరిశోధనే ఆగిపోతుందన్న భయంతో ఎందరో నోరు మెదపరు. గైడ్‌ను మార్చుకునే దారి సులువుగా, గౌరవంగా ఉండాలి. ఆ దరఖాస్తు గైడ్ చేతుల మీదుగా వెళ్లకూడదు.

గైడ్ అధికారం ఒక శాస్త్రవేత్తను ఎంత దూరం తీసుకెళ్లగలదో, ఎక్కడ ఆపగలదో మన భీమవరం బిడ్డ యల్లాప్రగడ సుబ్బారావు జీవితమే చెబుతుంది. హార్వర్డ్‌లో సైరస్ ఫిస్క్‌తో కలిసి ఆయన 1925లో ప్రచురించిన ఫాస్ఫరస్ కొలిచే పద్ధతి, ప్రపంచమంతటా జీవరసాయన ప్రయోగశాలల్లో ఫిస్క్–సుబ్బారావు పద్ధతిగా నిలిచింది. కొత్తగా వచ్చిన భారతీయ యువకుడి పేరు పత్రం మీద తన పేరు పక్కన పెట్టిన గురువు ఫిస్క్. 1927లో ఫాస్ఫోక్రియేటిన్ ఆవిష్కరణ వచ్చింది, 1930లో సుబ్బారావుకు పీహెచ్‌డీ వచ్చింది. కానీ తర్వాతి కథ వేరు. సుబ్బారావు వేరుచేసిన కొన్ని న్యూక్లియోటైడ్లను ఫిస్క్ వెలుగు చూడనివ్వలేదని, అవి ఏళ్ల తర్వాత ఇతరులు మళ్లీ కనుక్కోవాల్సి వచ్చిందని, దానికి కారణం అసూయేనని అదే ప్రయోగశాల నుంచి వచ్చి 1988లో నోబెల్ అందుకున్న జార్జ్ హిచింగ్స్ చెప్పారు. సుబ్బారావు 1940లో హార్వర్డ్ వదిలి లెడర్లీ కంపెనీకి వెళ్లారు. ఒకే గైడ్ చేతిలో ఒక శాస్త్రవేత్త పేరు వెలిగింది, అదే చేతిలో ఆయన పని మూలన పడింది. అంతటి ప్రతిభావంతుడికే రక్షణ లేకపోతే, మన యూనివర్సిటీ హాస్టల్లో తొలితరం చదువుకు వచ్చిన స్కాలర్‌కు ఏ రక్షణ ఉంటుంది? పత్రం మీద ఎవరి పేరు ముందుండాలో, ఎవరి పేరు అసలు ఉండకూడదో శాఖ మొదటి ఏడాదే రాసి పెట్టుకోవాలి.

ఇక మూల్యాంకనం. జేఆర్‌ఎఫ్‌ను ఎస్‌ఆర్‌ఎఫ్‌గా పెంచేటప్పుడు బయటి నిపుణుడితో కూడిన ముగ్గురి కమిటీ రెండేళ్ల పనిని చూడాలి. స్కాలర్ దారి తప్పి ఉంటే సరిదిద్దడానికి అంతకన్నా మంచి సమయం లేదు. కానీ దాన్ని కూడా మొక్కుబడిగా ముగిస్తున్నాం. చివరి మూల్యాంకనంలో గైడ్‌తో పాటు కనీసం ఇద్దరు బయటి పరీక్షకులు ఉంటారు. వారి ప్యానెల్ పేర్లు సాధారణంగా గైడ్ దగ్గరి నుంచే వెళ్తాయి. ఈసారి మీ విద్యార్థికి నేను, వచ్చేసారి నా విద్యార్థికి మీరు అన్న మొహమాటాలు అక్కడే మొదలవుతాయి. బ్రిటన్‌లో సాధారణంగా గైడ్ పరీక్షకుడిగా ఉండరు. తాను నడిపించిన పనికి తానే తీర్పు చెప్పకూడదన్నది అక్కడి పద్ధతి. మనం ఆ సూత్రం తీసుకోవడానికి అడ్డేమీ లేదు.

వైవా రోజు సంగతి చెప్పాలి. నిబంధన ప్రకారం వైవాకు అధ్యాపకులు, స్కాలర్లు, విద్యార్థులు రావచ్చు. కానీ అక్కడ జరిగేది చాలా చోట్ల సన్మాన సభ. ఇరవై నిమిషాల స్లైడ్లు, 'మీ లక్ష్యాలేమిటి, మీ పరికల్పన ఏమిటి' అన్న రెండు మూడు ప్రశ్నలు, తర్వాత శాలువాలు, ఫొటోలు, స్కాలర్ ఖర్చుతో భోజనాలు. ఎనిమిదివేలతో నెల గడిపినవారి చేత అతిథి మర్యాదలు చేయించుకోవడం మనకు తగదు. ఆ ఖర్చు విశ్వవిద్యాలయం భరించాలి. పరీక్షకుడు పేజీ నంబరు చెప్పి అడగాలి. '143వ పేజీలో ఈ నిర్ధారణకు ఎలా వచ్చారు, దీనికి ఎదురు నిలిచే ఉదాహరణ మీకు దొరకలేదా' అని అడగాలి. స్కాలర్ జవాబు చెప్పలేకపోతే సవరణలకు మూడు నెలలు ఇవ్వాలి. అందులో అవమానమేమీ లేదు.

చాలా థీసిస్‌లు ఇప్పుడు గాంధీనగర్‌లోని ఇన్‌ఫ్లిబ్‌నెట్ నడిపే శోధ్‌గంగలో అందరికీ అందుబాటులో ఉన్నాయి. ప్రతి థీసిస్ పక్కనే పరీక్షకుల నివేదికలను కూడా పేర్లతో సహా పెట్టాలని నేను కోరుతున్నాను. 'విషయ విశ్లేషణ బాగుంది, డాక్టరేట్‌కు సిఫార్సు చేస్తున్నాను' అన్న అరపేజీ నివేదిక లోకం చదువుతుందని తెలిస్తే, రాసేవారు కనీసం థీసిస్ తెరుస్తారు.

కఠినంగా ఉంటే పేద, గ్రామీణ, దళిత, ఆదివాసీ, వెనుకబడిన వర్గాల విద్యార్థులు నష్టపోతారని కొందరు అంటారు. ఆ ఆందోళనను నేను గౌరవిస్తాను. కానీ వాళ్లు నష్టపోయేది ఎప్పుడో చూడండి. ఇంట్లో చదువు వాతావరణం ఉన్న విద్యార్థికి గైడ్ చదవకపోయినా చదివిపెట్టే అన్నో, మేనమామో ఉంటారు. మొదటితరం స్కాలర్‌కు గైడ్ తప్ప మరెవరూ లేరు. ఆయన చదవకపోతే ఆ పేజీలు ఎవరూ చదవరు. తెలుగు మీడియంలో చదివి ఇంగ్లిష్‌లో థీసిస్ రాయాల్సి వచ్చినవారికి వాక్య నిర్మాణం దగ్గర నుంచి నేర్పాలి. జాలితో పాస్ చేయిస్తే ఆ డిగ్రీ రేపు ఇంటర్వ్యూ బోర్డు ముందు వారిని కాపాడదు. నెలనెలా పట్టుబట్టి దిద్దించిన గైడే వారికి అసలైన అండ.

పార్ట్ టైంలో పీహెచ్‌డీ చేసే జూనియర్ లెక్చరర్లకు, స్కూలు టీచర్లకు కూడా ఇదే వర్తిస్తుంది. వారికి సెలవు దొరకదు కాబట్టి పేజీలు ఫోన్‌లో పంపుకోవచ్చు, ఆదివారం మాట్లాడుకోవచ్చు. నెలకు ఇరవై పేజీలు మాత్రం తప్పకూడదు.

విశ్వవిద్యాలయాలు ఈ విద్యా సంవత్సరం నుంచే నాలుగు పనులు చేయవచ్చు, వీటికి కొత్త చట్టం అక్కర్లేదు. సలహా సంఘం సమావేశానికి పది రోజుల ముందు రాసిన అధ్యాయం సభ్యులకు అందకపోతే ఆ సమావేశం చెల్లదని ప్రకటించాలి. గైడ్ రాసిన నెలవారీ వ్యాఖ్యలు స్కాలర్ ఫైల్లో ఉండాలి. పర్యవేక్షణ గంటలను పనిభారంలో లెక్కించాలి. పరీక్షకుల నివేదికలు థీసిస్‌తో పాటే బయటపెట్టాలి.

గైడ్లకు నా విన్నపం ఇది. మీ బల్ల మీద ఇప్పుడే ఎవరిదో ఒక అధ్యాయం ఉండే ఉంటుంది. ఈ వారం దాన్ని చదవండి, పెన్నుతో చదవండి, మార్జిన్లలో ప్రశ్నలు రాసి తిరిగి ఇవ్వండి. స్కాలర్లూ, మీ పేజీలు ఇచ్చి పదిహేను రోజులైతే వ్యాఖ్యలు అడగండి, రాతపూర్వకంగా అడగండి. అది మీ హక్కు.